చాటువారం

కడుగువారం పొద్దున ఊరంతా తడితడిగా ఉంటుంది. మెట్లు కడిగేవాళ్ళు మెట్లు కడుగుతుంటారు, అద్దాలు తుడిచేవాళ్ళు అద్దాలు తుడుస్తుంటారు. పై అంతస్తుల్లో ఆరేసిన దుప్పట్ల నీళ్ళు కింద పోయేవాళ్ళ నెత్తిన పడుతుంటే, కిందనుంచి తిట్లు పైకి పోతుంటాయి. ఆ వేళకి కుర్చీలాయన ముందుగది తలుపులు బార్లా తెరిచి, పాత సోఫా ఒకదాన్ని బోర్లా పడేసి, నోట్లో గుప్పెడు చిన్న మేకులు పోసుకుని పని మొదలుపెడతాడు. చిరిగిన రెక్సిన్ ఊడబీకడం, కుంగిన స్ప్రింగులు మార్చడం, కొత్త స్పాంజి వేసి, బట్ట బిగలాగి మేకులు కొట్టడం. చిన్నప్పటినుంచీ అతనికి తెలిసిన పని అదే.

ఆ కడుగువారం మాత్రం చేతులు పని మీద నిలవలేదు. సుత్తి చేతిలో పట్టుకునే సుత్తి కోసం వెతికాడు. లేచి వీధిలోకి వెళ్ళాడు, వచ్చాడు, మంచినీళ్ళు తాగాడు, మళ్ళీ వెళ్ళాడు.

"కాలుకాలిన పిల్లిలా ఏంటా తిరుగుడు?" అంది వంటింట్లోంచి భార్య.

ఆవిడ ఏటి రేవులో లాంచీ టికెట్లు ఇస్తుంది. డ్యూటీకి తయారవుతోంది. జడ వేసుకుంటూ అద్దంలోకి వంగినప్పుడు అతను మళ్ళీ చూశాడు. కళ్ళు ఉబ్బి ఉన్నాయి. ఈ మధ్య ప్రతి కడుగువారం ఇదే వరస. పడకవారం రాత్రి నవ్వుతూ పడుకున్న మనిషి కడుగువారం పొద్దున ఏడ్చిన మొహంతో లేస్తుంది.

మధ్యలో ఆవిడకి చాటువారం ఉంది. అతనికి లేదు.

కడుగువారం, అంగడివారం, పనివారం, మాటవారం, కత్తెరవారం, పడకవారం, ఈ ఆరూ అందరికీ ఉంటాయి. పడకవారానికీ కడుగువారానికీ మధ్య వచ్చే చాటువారం కొందరికే ఉంటుంది. లేనివాళ్ళు పడకవారం రాత్రి కళ్ళు మూసుకుని కడుగువారం పొద్దున తెరుస్తారు, ఏ లోటూ తెలియదు. ఉన్నవాళ్ళు లేచేసరికి పక్కన దుప్పటి ఉంటుంది, దుప్పట్లో మనిషి ఉండడు. ఊరు సగానికి పైగా ఖాళీ. ఒకే ఇంట్లో ఒకరికి ఉండి ఒకరికి లేకపోవడం మామూలే. ఒకరికి ఉంగరాల జుట్టు ఉండి ఒకరికి లేనట్టే. పెళ్ళినాటికి ఆవిడ అతనికంటే రెండేళ్ళు చిన్నది. వారానికో రోజు ఎక్కువ బతుకుతూ వచ్చి, ఎప్పుడో తెలియకుండానే అతన్ని దాటేసింది. మొదట్లో "ఏమండీ, మీరు" అనేది. తర్వాత "నువ్వు"లోకి దిగింది. ఇద్దరికీ అది సబబుగానే తోచింది.

చాటువారం నాడు ఏం చేశావని ఎవరూ ఎవర్నీ అడగరు. నీ కలలో ఎవరొచ్చారని అడిగినంత అమర్యాద. అయినా ఆ పొద్దున కుర్చీలాయన నోట్లోంచి మేకులు తీసి అడిగేశాడు.

"నిన్న ఏం చేశావ్?"

జడ వేస్తున్న చేతులు ఆగాయి. "ఇన్నేళ్ళూ లేనిది ఇవాళేం పుట్టింది?"

"కళ్ళు చూసుకో, ఎలా ఉన్నాయో."

"రేవులో గాలి."

"నిన్న నీకు డ్యూటీ లేదుగా."

"నిన్న అంటే ఏ నిన్న? నీ నిన్నా, నా నిన్నా?" అనేసి, ఆకుపచ్చ గొడుగు తీసుకుని ఆవిడ వెళ్ళిపోయింది.

మర్నాడు అంగడివారం. బావమరిది టీ వేళకి ఊడిపడ్డాడు. బస్సుల డిపోలో రంగులు వేస్తాడు, అతనికీ చాటువారం ఉంది. ఉన్న ఆ ఒక్క రోజునీ మంచం దిగకుండా గడుపుతాడని పేరు.

"అసలైన నిద్రంటే అదే బావా," అన్నాడు టీ ఊదుకుంటూ. "మేనేజరుకి ఆ రోజు లేదు. మా ఆవిడకీ లేదు. లేపే వెధవ ఒక్కడు లేడు."

"మీ అక్క ఏం చేస్తుందిరా ఆ రోజు?"

"అక్కా? మెలకువొచ్చి నేను రేవువైపు పోయినప్పుడల్లా లాంచీ ఎక్కుతూ కనిపిస్తుంది. చేతిలో క్యారియర్..." అంటూ బావ మొహం చూసి నాలిక్కరుచుకున్నాడు. "అంటే, అక్కేనో కాదో. ఈ ఊళ్ళో ఆకుపచ్చ గొడుగులు బోలెడు."

లాంచీ ఎక్కితే దిగేది ఏటికి అవతలే. ఆ అవతలికి కుర్చీలాయన వెళ్ళడు. ఎంత మంచి బేరమైనా సరే, సోఫాని లాంచీలో వేసి ఇటు తెస్తే చేస్తాననేవాడు. అక్కడ వాళ్ళమ్మ ఉంటుంది.

తండ్రి పోయాక కొన్నాళ్ళకి ఆవిడ, వయొలిన్లు బాగుచేసే ఒక మేస్త్రితో కలిసి ఉండటానికి పెట్టె సర్దుకుని వెళ్ళిపోయింది. పారిపోలేదు, చెప్పే వెళ్ళింది. అడిగి వెళ్ళలేదనేది కొడుకు కోపం. తర్వాత ఒకసారి చూడటానికి వచ్చింది. కుర్చీలాయనకి అప్పుడే పెళ్ళయింది, ముందుగది నిండా బేరగాళ్ళు. "మీ అమ్మగారా?" అని ఒకాయన అడిగాడు. కుర్చీలాయన నోట్లోంచి మేకులు తీసి, "నాకు అమ్మ లేదు," అన్నాడు. ఆవిడ గుమ్మంలోంచే వెనక్కి తిరిగింది. మేస్త్రి చనిపోయాడని కొన్నేళ్ళకి ఎవరో చెప్పారు. విని ఊరుకున్నాడు.

సాయంత్రం భార్య గొడుగు మూలన పెట్టకముందే మొదలుపెట్టాడు.

"అటు ఎవరింటికి వెళ్తున్నావు?"

ఆవిడ నీళ్ళు నమలలేదు. "మీ అమ్మ దగ్గరికి."

"ఎప్పటినుంచి?"

"ఆవిడ మన గుమ్మంలోంచి తిరిగి వెళ్ళిపోయిన వారం నుంచి."

"నాకు తెలియకుండా! ఇన్నేళ్ళు!"

"నీకు లేని రోజున వెళ్ళాను. నీకున్న ఆరింట్లో ఒక్కటీ ముట్టుకోలేదు. ఇందులో నీ సొమ్మేం పోయింది?"

భార్య బోర్లా పడున్న సోఫా చెక్క మీద కూర్చుంది.

"ఇప్పుడైనా చెప్పకపోదును. అత్తయ్యకి రోజులు రాలిపోతున్నాయి."

ముసలితనంలో కొందరికి అలా అవుతుంది. పళ్ళు ఊడినట్టు వారంలో రోజులు ఒక్కొక్కటే ఊడతాయి. ఊడిన రోజున వాళ్ళు ఉండరు, మిగిలినవాటిలోనే ఉంటారు. అన్నీ ఊడాక ఇంకేముంది?

"ముందు కత్తెరవారం పోయింది," అంది భార్య. "ఇంక జుట్టు కత్తిరించుకునే బెడద లేదని నవ్వింది. తర్వాత అంగడివారం. చలికాలంలో కడుగువారం, పనివారం. మొన్నమొన్న పడకవారం. ఇప్పుడు మాటవారం, చాటువారం, రెండే మిగిలాయి. మాటవారం నీకూ ఉంది. ఎల్లుండే. నువ్వొస్తావని చెప్పొచ్చాను. వెళ్ళు."

"నన్నడక్కుండా ఎలా చెప్పావ్?"

"నీతోటే నేర్చుకున్నాను, ఎవర్నీ అడక్కుండా మాట అనేయడం."

మాటవారం నాడు అతను గడ్డం గీసుకున్నాడు. ఉతికిన చొక్కా వేసుకున్నాడు, అది బాగాలేదని ఇంకోటి వేసుకున్నాడు. రేవుకి వెళ్ళి వరుసలో నిలబడ్డాడు. కిటికీ వెనకనుంచి భార్య టికెట్టు ఇచ్చింది. లాంచీ వచ్చి ఒడ్డుకి ఆనింది. జనం ఎక్కుతున్నారు. అతని కాళ్ళు మాత్రం చెక్కల మీద అతుక్కుపోయాయి. వెళ్ళి ఏమనాలి? ఏమని మొదలుపెట్టాలి? అమ్మ నవ్వుతుందా, తలుపేస్తుందా?

వెనక్కి కిటికీ దగ్గరికి వచ్చాడు. "డాక్టరుగారి సోఫా సాయంత్రానికి ఇస్తానన్నాను," అన్నాడు.

భార్య తలెత్తలేదు. "వెనకాలవాళ్ళు రండి," అంది.

ఆ సాయంత్రానికి డాక్టరుగారి సోఫా కూడా అవ్వలేదు.

ఆ తర్వాతి వారం ఎలా గడిచిందో అతనికే తెలియాలి. వేసిన మేకు వంకరపోయేది, కోసిన బట్ట చాలకపోయేది. మళ్ళీ మాటవారం రాగానే మొదటి లాంచీకే ఎక్కేశాడు. భార్య చెప్పిన గుర్తుల ప్రకారం సందు పట్టుకుని, ఇల్లు పట్టుకుని, మెట్లు ఎక్కబోతుంటే కింద వాటాలో ఉండే ఆవిడ అడ్డం వచ్చింది.

"ఎవరు కావాలి?"

"పైన ఉంటారు కదా, పెద్దావిడ..."

"అయ్యో, ఆవిడకి మాటవారం పోయిందిగా బాబూ. పోయిన వారందే ఆఖరు. రోజంతా ఇదిగో, ఈ మెట్టు మీదే కూర్చుంది. లోపలికి రమ్మంటే వినదే! ఎవరో వస్తారని కోడలు చెప్పిందట." ఆవిడ అతన్ని కిందనుంచి పైదాకా చూసింది. "నువ్వేనా?"

అతను ఆ మెట్టువైపే చూస్తున్నాడు. ఆవిడ రెట్టించకుండా తాళం తెచ్చి ఇచ్చింది.

ఒకటే గది. నున్నగా సర్దిన మంచం, దువ్వెనలో ఒక తెల్ల వెంట్రుక, గోడకి తీగలు లేని వయొలిన్లు. సగం కుట్టిన మేజోడు, సూది దానికే గుచ్చి ఉంది. కిటికీ దగ్గర చేతుల కుర్చీ. సీటు చిరిగి స్ప్రింగు బయటికి పొడుచుకొచ్చింది, దాని మీద మడతపెట్టిన దుప్పటి కప్పి ఉంది. అమ్మ దీని మీదే కూర్చుంటుందన్నమాట. కుర్చీ ఎడమ చెయ్యి కొస నున్నగా అరిగిపోయి ఉంది, ఎవరో వయొలిన్ని ఏళ్ళ తరబడి అక్కడే ఆనించి పనిచేసినట్టు. మేస్త్రి కుర్చీ.

కిటికీలోంచి విసిరేద్దామన్నంత కోపం వచ్చింది. విసరడానికే ఎత్తాడు. ఎత్తినవాడు అలవాటుకొద్దీ తిప్పి కింద చూశాడు. పట్టీలు తెగిపోయి ఉన్నాయి. చెక్క మాత్రం బంగారంలాంటి చెక్క.

మర్నాడు సామాను సంచితో వచ్చాడు. డాక్టరుగారి సోఫా మూల పడేసి, అమ్మ లేని రోజుల్లో అమ్మ గదిలో కూర్చుని, పట్టీలు మార్చి, స్ప్రింగులు కట్టి, స్పాంజి వేసి, ముదురు నీలం బట్ట బిగించాడు. బేరగాళ్ళకి ఎప్పుడూ చేయనంత శ్రద్ధగా చేశాడు.

కడుగువారం పొద్దున భార్య లేవగానే మంచం పక్కనే నిలబడి ఉన్నాడు. "చూసిందా? ఏమంది?"

"మెత్తగా ఉందంది."

"అంతేనా?"

"ఎడమ పక్క ఎత్తుగా ఉందంది. మేస్త్రి అయితే ఒకటికి రెండుసార్లు చూసుకునేవాడంది."

ఒళ్ళు మండిపోయింది. ఆ మంటతోనే లాంచీ ఎక్కి, వెళ్ళి, ఎడమ పక్క విప్పి చూశాడు. ఎత్తుగానే ఉంది.

అమ్మ ఉండే రోజులోకి తను వెళ్ళాలి. ఎలా వెళ్ళాలన్నదే అతనికి పట్టుకున్న పిచ్చి. రెప్ప వేయకుండా కూర్చున్నాడు, రెప్ప పడకుండానే కడుగువారం తెల్లారింది. భార్య చేతికీ తన చేతికీ తాడు కట్టుకున్నాడు. ముడి ముడిగానే ఉండి అటు కొస ఖాళీగా వేలాడిందని ఆవిడ చెప్పింది. బావమరిది మందు తాగించి చూశాడు. కడుగువారం నాడు తలనొప్పి ఒక్కటే మిగిలింది.

ఇంతలో భార్య ఇంకో కబురు తెచ్చింది. "చాటువారం కూడా పూర్తిగా ఉండటం లేదు. పోయిన వారం చీకటిపడేదాకా ఉంది. నిన్న ఎండ ఉండగానే, నాతో మాట్లాడుతూ మాట్లాడుతూ, లేదు."

ఆ వారం అతనే కాదు, భార్య కూడా మనిషి మనిషిలా లేదు. రేవులో ఒకరి టికెట్టు ఇంకొకరికి ఇచ్చింది. ఇంట్లో గిన్నె కడుగుతూ కడుగుతూ కిటికీలోంచి ఏటివైపు చూస్తూ నిలబడిపోయేది. నీళ్ళు పొర్లిపోయేవి.

"నువ్వూ నాలాగే తయారయ్యావేంటి?" అన్నాడు అతను.

"ఆలోచిస్తున్నా."

"అమ్మ గురించేనా?"

"కాదు. నా గురించి."

పడకవారం పొద్దుగూకే వేళ ఆవిడ పక్క దులిపింది. దుప్పట్లు మార్చింది. దిండ్లు అటుదిటు, ఇటుదటు వేసింది. "ఇవాళ నువ్వు కిటికీ పక్కన పడుకో."

"అది నీ చోటు కదా."

"గాలి వస్తుంది. నీకు నిద్ర పట్టి ఎన్నాళ్ళయింది?"

"మరి నీకు?"

"నాకు పడుతుందిలే," అంది ఆవిడ. అతను అటు జరిగాక చాలాసేపు అతని భుజం మీద చెయ్యి వేసి ఉంచింది.

లేచేసరికి ఎండ వచ్చింది. నీళ్ళ చప్పుడు లేదు, తిట్లు లేవు. భార్య వంటింట్లో ఉందనుకుని పిలిచాడు. పలకలేదు. గోడవైపు తిరిగి చూస్తే దుప్పటి ఉంది, దుప్పట్లో ఆవిడ లేదు.

చొక్కా గుండీలు పెట్టుకుంటూనే వీధిలో పడ్డాడు. కొట్లన్నీ మూసి ఉన్నాయి. ఎవరో ఒకావిడ నడిరోడ్డు మీద కుర్చీ వేసుకుని తల ఆరబెట్టుకుంటోంది. బావమరిది కిటికీలోంచి గురక వీధి చివరిదాకా వినిపిస్తోంది. రేవులో లాంచీ తోలే తాత బీడీ కాలుస్తూ కూర్చుని ఉన్నాడు.

"అమ్మాయి రాలేదేం?"

"రాలేదు. నేనొచ్చాను."

తాత అతన్ని పరీక్షగా చూశాడు. "అయితే నీకు ఇచ్చేసిందన్నమాట," అని లేచి ఇంజను తిప్పాడు.

అమ్మ కిటికీ దగ్గర కుర్చీలో ఉంది. అతను మనసులో ఉంచుకున్న మనిషిలో సగం ఉంది.

"చెప్పులు బయట," అంది.

విడిచి వచ్చి నిలబడ్డాడు.

"చిక్కిపోయావురా."

"నువ్వూ."

"నాకు వారానికి ఒక్కరోజే భోజనం. చిక్కక ఏం చేస్తాను?"

నవ్వబోయాడు. నవ్వు రాలేదు, అక్కడే నేల మీద కూలబడ్డాడు. "అమ్మా, ఆ రోజు నేను..."

"నాకు అమ్మ లేదన్నావు. నోట్లోంచి మేకులు తీసి మరీ అన్నావు. మేకులుండగా అని ఉంటే సరిగ్గా వినపడలేదని సర్దుకునేదాన్ని."

"తప్పు చేశాను."

"చేశావు." ఆవిడ కుర్చీ ఎడమ చెయ్యి కొస తడిమింది. "నేను వెళ్ళడం మాత్రం తప్పు కాదు. ఆయన మంచివాడు. నువ్వు ఒక్కసారి వచ్చి ఉంటే నీకూ నచ్చేవాడు. అది తలుచుకున్నప్పుడే నాకు ఎక్కువ బాధ." తర్వాత చెయ్యి చాచి అతని తల మీద పెట్టింది. "ఏడుపు ఇంటికి వెళ్ళి ఏడుద్దువుగాని, నాకు టైం లేదు. ఈ జుట్టు చూడు, గూడులా తయారైంది. నీ కత్తెర ఉందా?"

సంచి అక్కడే వదిలి వెళ్ళాడు కనక ఉంది. రెక్సిన్ కోసే పెద్ద కత్తెర. టవలు ఆవిడ భుజాల చుట్టూ కప్పి, దువ్వెనతో పట్టి, మెల్లిగా కత్తిరించడం మొదలుపెట్టాడు. ఆవిడ వీపు వెనకనుంచి అడగడం తేలికైంది. మేస్త్రి ఎలా పోయాడు, చలికాలం ఎలా గడిచింది, కోడలు ఏం వండి తెచ్చేది, అన్నీ అడిగాడు. ఆవిడ అన్నిటికీ చెప్పింది. కోడలి వంటకి వంకలు కూడా పెట్టింది.

"చెవుల మీద ఇంకా కాస్త తియ్యి," అంది. "ఆయనకి నా చెవులంటే..."

మాట అక్కడే ఆగింది. టవలు కుర్చీలో పడింది. అతని చేతిలో కత్తెర ఉంది, మోకాళ్ళ మీదా నేల మీదా తెల్లటి వెంట్రుకలు ఉన్నాయి. చీకటి పడేదాకా అతను వాటిని ఊడవలేదు.

కడుగువారం పొద్దున ఇంటి పై అంతస్తులోంచి నీళ్ళు ధారగా పడుతున్నా భార్య లేవలేదు. ఆవిడ అంతసేపు పడుకోవడం అతనెప్పుడూ చూడలేదు. లేచేదాకా పక్కనే కూర్చున్నాడు.

"మళ్ళీ చోట్లు మార్చుకుంటే నీకు తిరిగి వస్తుందా?"

ఆవిడ దుప్పటిలోంచే తల అడ్డంగా ఊపింది. "ఒకసారికేనని మా నాయనమ్మ అనేది."

"తెలిసి ఎందుకు ఇచ్చావు? తెలిస్తే ముందే ఎందుకు ఇవ్వలేదు?"

"రెండూ ఒకేసారి అడిగితే ఎలా?" ఆవిడ లేచి కూర్చుంది. "నాదది. ఆ ఒక్క రోజే నాది. అత్తయ్య దగ్గర్నుంచి వచ్చేటప్పుడు ఇసుకలో కూర్చునేదాన్ని. ఎవరూ టికెట్టు అడగరు, ఎవరూ టీ అడగరు. ఊరికే ఇచ్చేయబుద్ధి అవుతుందా? అత్తయ్యకి మాటిచ్చి వచ్చాక కూడా వారమంతా నాతో నేనే పోట్లాడుకున్నాను."

"అమ్మని నువ్వు ఇంక చూడలేవు."

"పోయిన చాటువారమే సెలవు తీసుకుని వచ్చాను. మీ అబ్బాయిని పంపిస్తున్నా అత్తయ్యా అంటే, రానీ, ఈసారి మెట్ల మీద కూర్చోను, అంది." కళ్ళు తుడుచుకుంది. "క్యారియర్ మాత్రం నేనే కట్టిస్తా. పడకవారం రాత్రే చేసి పెడతాను."

"నీ వంటలో ఉప్పెక్కువంది."

"ఇన్నేళ్ళూ తిని, ఇప్పుడా చెప్పడం!" అంది ఆవిడ. అంటూ ఏడ్చింది.

ఆ తర్వాత అతను ప్రతి చాటువారం వెళ్ళాడు. ఒక వారం అమ్మ మధ్యాహ్నం దాకా ఉంది. ఒక వారం టీ తాగేంతసేపు ఉంది. గాలినెల మొదట్లో ఒక చాటువారం క్యారియర్ విప్పి, పక్కన పెట్టుకుని, దీపాల వేళదాకా కూర్చున్నాడు. కింద వాటా ఆవిడ పైకి వచ్చి కిటికీ మూసి వెళ్ళింది.

చాటువారం అతనికి ఉండిపోయింది. ఆ రోజు ఇంట్లో భార్య ఉండదు, అటుపక్క అమ్మ లేదు. ఏం చేయాలో తోచక రేవుకి పోయి, ఎవరి కోసమూ కాకుండా అటు వెళ్ళి ఇటు వచ్చేవాడు. తాతకి చూపు ఆనడం లేదని అలా తిరుగుతుండగానే కనిపెట్టాడు. ముందు తాడు విసరడానికి సాయం చేశాడు, తర్వాత చక్రం పట్టుకున్నాడు. ఎండలు ముదిరేసరికి తాత ఒడ్డునే బీడీ కాలుస్తూ కూర్చుంటే, చాటువారం లాంచీ కుర్చీలాయనే తోలుతున్నాడు. ఒడ్డుకి ఆనించేటప్పుడు గట్టిగా గుద్దుతాడని జనం తిట్టేవారు. లాంచీలో సీట్లు మెత్తబడ్డాయి కనక భరించేవారు.

ఒకరోజు లాంచీ నిండింది. అతను తాడు విప్పేశాడు. ఇంజను అందుకుంది. అప్పుడు సందు మలుపులోంచి ఒక లావుపాటి మనిషి, చంకలో పొట్లంతో, చెయ్యి ఊపుకుంటూ పరిగెత్తుకొస్తూ కనిపించాడు. చాలా దూరంలో ఉన్నాడు. పరిగెత్తడం అలవాటు లేని పరుగు అది, నాలుగడుగులకోసారి ఆగి రొప్పుతున్నాడు.

"ఇంకా ఎంతసేపయ్యా? పోనీ!" అన్నారు లాంచీలో వాళ్ళు. "తర్వాతదానికి వస్తాడులే."

కుర్చీలాయన ఇంజను ఆపి, ఒడ్డు మీదికి దూకి, తాడు మళ్ళీ గుంజకి చుట్టాడు.

"రానివ్వండి," అన్నాడు. "ఏం తొందర?"